చొక్కాలావిడ

నీలం చొక్కా కాలరు మీద ఇస్త్రీపెట్టె ఆనించగానే భర్త వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. "నీలమా, తెలుపా? రికార్డింగ్‌కి ఏది బాగుంటుందంటావ్?" అని అడిగాడు. వచ్చే మనిషి రికార్డు చేసేది గొంతు మాత్రమేనని, ఆ యంత్రానికి నీలమూ తెలుపూ తెలియవని చెప్పాలని ఆమెకు నోటిదాకా వచ్చింది. చెబితే "ఆవిడ ఫొటో అడిగితే?" అంటాడు. అప్పుడు రెండు చొక్కాలూ ఇస్త్రీ చేయాల్సి వస్తుంది. అందుకని అతను అనకముందే తెల్లచొక్కా కూడా తీసి బల్ల మీద పరిచింది. వాదించడం కంటే ఇస్త్రీ చేయడం తొందరగా అయిపోతుందని పెళ్లయిన మొదటి ఏడాదే తెలిసింది ఆమెకు.

ఆ ఇంటికి పుస్తకాలు రాసేవాళ్లు రావడం కొత్తేమీ కాదు. పదేళ్ల కిందట ఆ ఊరి బస్టాండులో బాంబు పేలింది. చాలామంది పోయారు. బతికినవాళ్లలో ఆమె ఒకతె. ఎడమ చెవి పూర్తిగా పోయింది. అప్పటి నుంచి ఉగ్రవాదం మీద, ఉగ్రవాదాన్ని అణచడం మీద, దేశభద్రత మీద ఎవరు కలం పట్టినా ఈ ఇంటి గంట మోగించకుండా ఉండలేదు. ముందు ఒక విలేకరి వచ్చాడు. తర్వాత రిటైరైన పోలీసు అధికారి. ఆ తర్వాత సైన్యం వదిలేసి మీసాలు మాత్రం వెంట తెచ్చుకున్న ఒక పెద్దమనిషి. మధ్యలో విశ్వవిద్యాలయాల వాళ్లు, సగం మాటలు అర్థంకాని కుర్రాళ్లు. వచ్చిన ప్రతివాళ్లకూ ఆమె టీ ఇచ్చింది. వచ్చిన ప్రతివాళ్లతోనూ అతను మాట్లాడాడు.

ఆ పుస్తకాలన్నీ హాల్లో అద్దాల అలమరాలో ఉన్నాయి. అన్నీ అతనే కొన్నాడు. అన్నిటి అట్టల మీదా మంటే, అన్నిటి మీదా ఎర్రక్షరాలే. ఆమె గురించి రాసిన చోట అతను ఎర్రసిరాతో గీతలు గీసి, ఈనెపుల్ల పెట్టి ఉంచుతాడు, ఎవరైనా రాగానే టక్కున తీసి చూపించడానికి. ఆదివారం ఆదివారం ఆ అలమరా తుడవడం ఆమె పని. దేశభద్రతకు పట్టినంత దుమ్ము ఆ ఇంట్లో ఇంకే వస్తువుకూ పట్టదు.

ఎర్రగీతలు పడిన మాటలు ఆమెకు కంఠతా వచ్చు. మొదటి పుస్తకం రాసిన విలేకరి ఆమెను చూసింది ఆసుపత్రిలో, ఆమెకు స్పృహ లేనప్పుడు. అడగాల్సినవన్నీ పక్కనే ఉన్న భర్తను అడిగాడు. వెళ్లి ఇలా రాశాడు: "చుట్టూ మంటలు. స్పృహ తప్పుతున్నా ఆ ఇల్లాలు చేతిలోని సంచి వదల్లేదు. ఆ సంచిలో ఉన్నవి లాండ్రీకి తీసుకెళ్తున్న భర్త చొక్కాలు." అంతే, ఆ తర్వాత వచ్చినవాళ్లందరూ చేసింది ఆ చొక్కాలు ఉతికి ఆరేయడమే. పోలీసు అధికారి పుస్తకంలో బస్టాండు పటం వేసి, ఎదురుగా రోడ్డవతల ఉన్న లాండ్రీ కొట్టు ముందు ఆమెను ఒక నల్లచుక్కగా పెట్టాడు. మీసాల పెద్దమనిషి ఇంకో అడుగు ముందుకేసి, అవి పెళ్లినాటి చొక్కాలని తేల్చాడు. పెళ్లినాటి చొక్కా అతనికి ఇప్పుడు ఒక చెయ్యి కూడా పట్టదు. ఒక ప్రొఫెసరు "సామాన్య పౌరుల ఆత్మస్థైర్యం" అని ఒక అధ్యాయమే ఆ సంచి మీద నిలబెట్టాడు. ఇంకొకరు ఆమెకు పిల్లలు లేకపోవడాన్ని కూడా బాంబు ఖాతాలో వేసేశారు. పేలుడుకు ముందు ఆరేళ్ల కాపురం ఉందన్న సంగతి ఆ మహానుభావుడికి తట్టలేదు.

ఊళ్లో ఆమెకు పేరు స్థిరపడిపోయింది. కూరల కొట్టువాడి దగ్గర నుంచి అందరూ "చొక్కాలావిడ" అంటారు. అందులో ఎగతాళి లేదు, గౌరవమే ఉంది. ఎగతాళి అయితే కనీసం కోపగించుకోవచ్చు.

ఆమె పనిచేసే పళ్ల ఆసుపత్రిలోనూ ఇదే తంతు. కౌంటరు దగ్గర కూర్చుని చీట్లు రాయడం, ఫోన్లెత్తడం ఆమె ఉద్యోగం. రక్తపరీక్షలు చేసే టెక్నీషియనుగా చదువుకున్న మనిషి ఆమె. కానీ ఈ ఆసుపత్రి ఇంటికి దగ్గర, మధ్యాహ్నం వచ్చి అన్నం వడ్డించి వెళ్లడానికి వీలు, కనుక ఇదే ఆమెకు సరిపడే ఉద్యోగమని అతనూ అత్తగారూ నిర్ణయించారు. పళ్ల డాక్టరు మంచివాడే, నోరే ఆగదు. పంటి మీద డ్రిల్లు పెట్టి, పేషెంటు కళ్లు మూసుకుని వణుకుతుంటే, "బయట కూర్చుందే, ఆవిడెవరనుకున్నారు? బాంబు పేలినా భర్త చొక్కాలు వదల్లేదండీ. మీరు ఈ చిన్న నొప్పికే ఇలా అయితే ఎలా?" అంటాడు. ఆ పేషెంట్లు వాచిన బుగ్గలతో బయటికి వచ్చి ఆమె వంక గుడ్లప్పగించి చూస్తారు. కొంతమంది దండం కూడా పెడతారు. దవడ తిమ్మిరెక్కిన మనిషి పెట్టే దండానికి తిరిగి ఏం చెప్పాలో ఆమెకు ఇప్పటికీ తెలియదు.

ఇక భర్త సంగతి. అతను నీటి సరఫరా ఆఫీసులో గుమాస్తా. కానీ ఈ పదేళ్లలో భద్రతా నిపుణుడై కూర్చున్నాడు. స్కూళ్లలో, కాలనీ మీటింగుల్లో అతన్ని పిలిచి మైకు చేతికిస్తారు. అనుమానాస్పద వస్తువును ఎలా గుర్తించాలో గంటసేపు చెబుతాడు. ఊరందరికీ అనుమానాస్పద వస్తువుల గురించి చెప్పే ఆ కళ్లకు, సింకులో పేరుకున్న అంట్లగిన్నెలు మాత్రం ఈ పదేళ్లలో ఒక్కసారి కనిపించలేదు. అత్తగారి వరస ఇంకొకటి. వచ్చినవాళ్లతో "ప్రాణం పోతున్నా మా అబ్బాయి చొక్కా వదల్లేదండీ మా కోడలు" అని కళ్లొత్తుకుంటుంది. వాళ్లటు వెళ్లగానే "అమ్మాయ్, ఆ చొక్కాకి మడత సరిగ్గా రాలేదు, మళ్లీ పట్టు" అంటుంది.

ఇవన్నీ ఒక ఎత్తు. ఆమె ఒళ్లు మండే విషయం వేరే ఉంది. ఆ సంచిలో చొక్కాలు లేవు.

ఆ సంచిలో ఉన్నవి ఆమె బట్టలు, ఆమె సర్టిఫికెట్లు. ఆ రోజు ఆమె లాండ్రీకి వెళ్లలేదు. ఇల్లు వదిలి వెళ్లిపోతోంది. పై ఊళ్లో కొత్తగా తెరిచిన ఆసుపత్రి ల్యాబులో ఉద్యోగం వచ్చింది. ఆ సంగతి చెప్పడానికి వాళ్లు ఇంటికి ఫోన్ చేసినప్పుడు ఆమె పక్కనే ఉంది, అంట్లు తోముతున్న తడిచేతులతో. అతను ఫోనెత్తాడు. "ఆవిడకి ఆసక్తి లేదండీ. ఆవిడ తరఫున నేను చెప్తున్నాను" అని పెట్టేశాడు. కొట్టలేదు, తిట్టలేదు, కసరను కూడా కసరలేదు. పెట్టేసి, "కూరలో ఉప్పు సరిపోయిందా?" అని అడిగాడు. ఆ తడిచేతులతో నిలబడినప్పుడు ఆమెకు అనిపించింది, తాను చచ్చిపోయినా ఈ మనిషి ఇలాగే తన తరఫున పలుకుతూ ఉంటాడని. మర్నాడు బయటి నుంచి ఆ ల్యాబుకు ఫోన్ చేసి వస్తున్నానని చెప్పింది. వారం తిరక్కుండా సంచి సర్దుకుని, బస్టాండులో పైఊరి బస్సు ఆగే చోట బల్ల మీద కూర్చుంది. బస్సు ఆలస్యమైంది. బాంబు ఆలస్యం కాలేదు.

కళ్లు తెరిచేసరికి అతను చెంచాతో నోట్లో జావ పోస్తున్నాడు. అబద్ధం చెప్పకూడదు, ఆ నెలరోజులూ అతను ఆమెను కంటికి రెప్పలా చూసుకున్నాడు. ఇంటికొచ్చి బీరువా తెరిస్తే ఆమె బట్టలన్నీ ఇస్త్రీ చేసి మడతపెట్టి ఉన్నాయి. పెళ్లయ్యాక అతను ఇస్త్రీపెట్టె పట్టింది అదొక్కసారే. సంచిలో ఏముందో చూశాడు, ఎక్కడికి బయలుదేరిందో తెలుసుకున్నాడు, అన్నీ యథాస్థానంలో సర్దేశాడు. అతనికి తెలుసని ఆమెకు తెలుసు. పదేళ్లుగా ఆ విషయం మీద ఇద్దరి మధ్యా ఒక్క మాట నడవలేదు.

గంట మోగింది. అతను తెల్లచొక్కా గుండీలు పెట్టుకుంటూ పరుగెత్తాడు.

ఈసారి వచ్చింది ఒక ఫోరెన్సిక్ డాక్టరు. పేలుళ్లలో చనిపోయినవాళ్ల, గాయపడినవాళ్ల ఒంటి మీది దెబ్బల్ని బట్టి బాంబు ఎక్కడ పేలిందో, ఎలా పేలిందో చెప్పడం ఆవిడ వృత్తి. ఉద్యోగం విరమించి ఇప్పుడు పుస్తకం రాస్తోంది. కత్తిరించిన నెరిసిన జుట్టు, చేతిలో పాత తోలు సంచి. లోపలికి వచ్చి, సోఫా ఎదురుగా ఆవిడ కోసం వేసి ఉంచిన పెద్దకుర్చీలో కూర్చోకుండా, చిన్న కుర్చీ లాక్కుని ఆమె కుడివైపు కూర్చుంది. ఇన్నేళ్లలో వచ్చినవాళ్లెవరూ వినిపించే చెవి ఏదని చూసుకోలేదు.

"ఇది బేసిక్‌గా స్లీపర్ సెల్ మాడ్యూల్ మేడమ్," భర్త మొదలుపెట్టాడు. "మన ఇంటెలిజెన్స్ ఫెయిల్యూరు ఎక్కడుందంటే..."

"కేసు కాగితాలన్నీ చదివానండి," అంది రచయిత్రి నెమ్మదిగా. "నాకు ఒక్క అనుమానమే ఉంది. అది తీర్చుకుందామని వచ్చాను." ఆమె వైపు తిరిగింది. "అమ్మా, మీరు లాండ్రీ దగ్గర ఉన్నారని అన్ని పుస్తకాల్లోనూ ఉంది. లాండ్రీకీ బస్టాండుకీ మధ్య కాంక్రీటు గోడ ఉంది. ఆ కొట్టు ముందున్న వాళ్లెవరికీ చెవులు పోలేదు. పగిలిన అద్దాలు గుచ్చుకున్నాయి, అంతే. మీ ఆసుపత్రి రిపోర్టు చూశాను. మీ ఒంటి మీద అద్దం గీత ఒక్కటీ లేదు. చెవి మాత్రం పోయింది. ఇది లాండ్రీ ముందు తగిలే దెబ్బ కాదు. లోపల, బస్సు కోసం కూర్చున్నవాళ్లకి తగిలే దెబ్బ."

పదేళ్లుగా ఇంతమంది వచ్చారు, ఇంత రాశారు. అబద్ధానికి సాక్ష్యం ఆమె ఒంటి మీదే ఉందని ఈవిడ ఒక్కతే చూసింది.

"రోడ్డు దాటుతూ ఉండి ఉంటుంది మేడమ్," అన్నాడు భర్త. "దాటేటప్పుడు... బ్లాస్ట్ వేవ్ అనేది ఎటు తిరుగుతుందో చెప్పలేం కదా."

"చెప్పగలమండి. నేను పాతికేళ్లు చేసిన పని అదే."

"పోనీలేమ్మా," అంది అత్తగారు మూల నుంచి. "ఎక్కడుంటే ఏం, చొక్కాలు మాత్రం వదల్లేదు. అది రాసుకోండి."

"నేను ఈవిణ్ణి అడిగానండీ," అంది రచయిత్రి.

భర్త నవ్వాడు. ఆ నవ్వు ఆమెకు బాగా తెలుసు. మైకు ముందు మాట తడబడినప్పుడు నవ్వే నవ్వు. "నువ్వెళ్లి టీ సంగతి చూడు. ఈ వివరాలన్నీ నేను చెప్తాలే," అన్నాడు. ఆమె కాళ్లు అలవాటుగా లేచాయి. వంటింట్లోకి వెళ్లి, గిన్నె పెట్టి, పొయ్యి వెలిగించింది.

నీళ్లు పోస్తూ తన మీద తనకే విసుగొచ్చింది. ఎందుకు లేచావు? ఎవరు లేపారు? ఆ మనిషి ఊరు దాటి నీ కోసం వచ్చింది, నువ్వు టీ కోసం లేచావు. నిజం చెప్పడానికి పదేళ్లు పట్టింది ఎందుకని ఎవరైనా అడిగితే ఏం చెబుతావు? మొదట చెవిలో హోరు తప్ప ఏమీ వినిపించేది కాదు. తర్వాత, అంతమంది పోయారు కదా, పిల్లల్ని పోగొట్టుకున్నవాళ్లున్నారు, వాళ్ల ముందు నా సంచి గొడవ ఏపాటిదని సిగ్గేసింది. తర్వాత అతను పోసిన జావ గుర్తొచ్చేది. నెలరోజులు చెంచాతో తాగించిన మనిషిని నలుగురిలో ఎలా నిలబెట్టడం? ఆ తర్వాత ఆలస్యమైపోయింది. పుస్తకం మీద పుస్తకం వచ్చేకొద్దీ చొక్కాలు నిజమైపోయాయి, తాను అబద్ధమైపోయింది. ఒక్కోసారి ఆమెకే అనుమానం వచ్చేది, నిజంగానే చొక్కాలేమోనని. అంత నమ్మకంగా రాస్తారు చదువుకున్నవాళ్లు. ఎవరో ఎక్కడో బాంబు పెట్టారు, అది నిమిషంలో పేలి ఊరుకుంది. ఈ చొక్కాల కథ మాత్రం పదేళ్ల నుంచి తన మీద పేలుతూనే ఉంది.

హాల్లోంచి భర్త గొంతు వినిపించింది. గొంతు తగ్గించాననుకున్నాడు. "ఆవిడ మనసు సున్నితం మేడమ్. ఆ రోజు మాటెత్తితే తట్టుకోలేదు. అందుకే ఎవరొచ్చినా ఆవిడ తరఫున నేనే చెప్తుంటాను."

ఆవిడ తరఫున నేను చెప్తున్నాను. సరిగ్గా ఆ మాటే, అదే గొంతు, అదే నింపాది. ఆనాడు తడిచేతులతో నిలబడి విన్నది. ఈనాడు టీపొడి డబ్బా పట్టుకుని వింటోంది. ఆమె డబ్బా మూత పెట్టేసింది. పొయ్యి ఆర్పేసింది. హాల్లోకి వచ్చి తన చోట కూర్చుంది.

"టీ?" అన్నాడు భర్త.

"టీ మీరు పెట్టండి. నేను ఆవిడతో మాట్లాడాలి."

"నాకెక్కడ వచ్చు..." అంటూ అతను తల్లి వైపు చూశాడు.

"మీరు చెప్పింది నిజమే మేడమ్," అంది ఆమె. "నేను లాండ్రీ దగ్గర లేను. లోపల, పైఊరి బస్సు ఆగే చోట, బల్ల మీద కూర్చున్నాను. బాంబు నాకు ఎడమవైపు పేలింది. సంచిలో చొక్కాలు లేవు. ఒక్కటంటే ఒక్కటి కూడా లేదు. నా బట్టలు, నా సర్టిఫికెట్లు. నాకక్కడ ఉద్యోగం వచ్చింది. నేను వెళ్లిపోతున్నాను."

"చుట్టపు చూపుగానా?" అంది అత్తగారు, అర్థమయ్యి కూడా ఆశ చావక.

"కాదత్తయ్యా. మొత్తంగా."

"ఆ బట్టల గొడవ ఇప్పుడెందుకు తీస్తావు?" భర్త లేచి నిలబడ్డాడు. "అన్నీ నేను ఎప్పుడో సర్దేశాను కదా!"

మాట బయటికి వచ్చాక కానీ ఏమన్నాడో అతనికి అర్థం కాలేదు. రచయిత్రి తల దించుకుని కాగితం చూసుకుంటోంది. అత్తగారు కొడుకు మొహం వంక చూసింది.

"నీకు తెలుసట్రా?" అంది. "తెలిసే నాచేత ఇన్నాళ్లూ చొక్కాలు, చొక్కాలని చెప్పించావా?"

"నేను చేసింది దాని మంచికేనమ్మా! పారిపోతున్న ఆడదని రాయించనా పుస్తకాల్లో? అప్పుడు దండాలు పెట్టేవాళ్లా దీనికి? పరువు కాపాడాను నేను. పదేళ్లు కాపాడాను!"

"కాపాడారు," అంది ఆమె. "నా పరువు కాదు. నేను మిమ్మల్ని వదిలి పోతున్నానని ఊరికి తెలియకుండా కాపాడుకున్నారు. నన్ను ఒక్కసారి, ఇంట్లో, తలుపులేసుకుని అయినా అడిగారా, ఎక్కడికి బయలుదేరావని? ఎందుకు బయలుదేరావని? అడిగితే చెప్పేదాన్ని. ఎదురుచూశాను కూడా."

అతను కూర్చున్నాడు. తెల్లచొక్కా ముందు భాగం ముడతలు పడింది. ఆమె చూపు అలవాటుగా ఆ ముడత మీదికి పోయింది. చూపు తిప్పుకుంది.

రచయిత్రి, అడగొచ్చో లేదో అన్నట్టుగా, "మరి బాగయ్యాక ఎందుకు వెళ్లలేదమ్మా?" అంది.

"ఆసుపత్రి నుంచి నన్ను కారులో ఎక్కించారు మేడమ్. తలకు కట్టుతో, రెండు వైపులా ఇద్దరు పట్టుకుని. ఎక్కడికి తీసుకెళ్లాలని డ్రైవరు అడిగాడు. నన్ను కాదు. ఈయన్ని." ఆమె ఆగింది. "మనసు మారి తిరిగి రాలేదు నేను. అది మాత్రం సరిగ్గా రాయండి."

"ఇదంతా రాయొచ్చా?" రచయిత్రి ఆమెనే చూస్తూ అడిగింది. "ఊళ్లో మాటలు పడాల్సి వస్తుంది. ఆలోచించుకోండి. కావాలంటే బస్టాండు లోపల ఉన్నారని మాత్రం రాస్తాను. నా పనికి అది చాలు."

"వద్దు మేడమ్" అన్నాడు భర్త వెంటనే. "అది చాలు. అంతవరకే రాయండి."

చొక్కాలావిడ అన్న పిలుపు పోతే ఏం పిలుస్తారో ఆమెకు తెలుసు. కూరల కొట్టువాడి గొంతులో ఆ మాట ముందే వినిపించింది. పళ్ల డాక్టరు ఇక ఏ పేషెంటుకూ ఆమెను చూపించడు. చూపించకపోతే హాయి. పళ్ల ఆసుపత్రి పై అంతస్తులో ఒక అద్దెగది చాలాకాలంగా ఖాళీగా ఉంది. అక్కడి నర్సు పోయిన నెల తాళం తీసి చూపించింది. కిటికీ బాగుంది, నీళ్లు బాగా వస్తున్నాయి. ఊరికే చూశానని ఆ రోజు తనకు తాను చెప్పుకుంది. ఊరికే చూసేవాళ్లు కుళాయి తిప్పి చూడరు.

"అంతా రాయండి మేడమ్," అంది.

రచయిత్రి తల ఊపింది. రికార్డు యంత్రాన్ని ఆమెకు ఇంకొంచెం దగ్గరగా జరిపింది. "ఆఖరున ఒక్కటి. మా దగ్గర నియమం అది. చెప్పింది మీరేనని, మీ పేరూ, మీరుండే చోటూ మీ గొంతుతో చెప్పాలి."

భర్త గొంతు సవరించుకున్నాడు. ఇంటి నంబరు, వీధి పేరు చెప్పడం అతనికి అలవాటు. నోరు తెరిచాడు కూడా. అతను ఎడమవైపు ఉన్నాడు. వినిపించలేదో, వినదలుచుకోలేదో, ఆమె యంత్రం వైపు వంగి తన పేరు చెప్పింది.

"ఉండే చోటు రేపు ఫోన్ చేసి చెప్తాను మేడమ్," అంది. "ఈ ఇల్లు కాదని మాత్రం ఇప్పుడే రాసుకోండి."